హంద్రీ ఒడ్డున డాక్యుమెంటరీ: కష్టం కాదు, పని తీయండి

అడిగిన ప్రశ్న క్లుప్తంగా ఇది: "కర్నూలులో ఉంటాను. కేసీ (కర్నూలు-కడప) కాలువ కమానుల మీదుగా హంద్రీ నదిని దాటే చోట, ఆ కమానుల కింద, ఒడ్డు పొడుగునా బతికేవాళ్ల మీద అరగంట డాక్యుమెంటరీ తీయాలని ఉంది. బట్టలు ఉతికేవాళ్లు, ప్లాస్టిక్ ఏరి వేరు చేసేవాళ్లు, డ్రైనేజీ పనివాళ్లు ఉన్నారు. నా దగ్గర ఒక ఫోను, స్నేహితుడి పాత డీఎస్‌ఎల్‌ఆర్, 40 వేల రూపాయలు ఉన్నాయి. రెండుసార్లు కెమెరాతో పోతే మొహాలు తిప్పుకున్నారు. ఏం చేయాలి?"

మొహాలు తిప్పుకున్నారంటే కారణం మీకంటే ముందు అక్కడికి వచ్చిన కెమెరాలు. అలాంటి ఒడ్లకు కెమెరా వచ్చేది వరద వచ్చినప్పుడు, ఓట్లు వచ్చినప్పుడు, గుడిసెలు తీసేయమన్నప్పుడు. ఎప్పుడు వచ్చినా అడిగేది ఒకటే: "మీ బాధలు చెప్పండమ్మా." చెప్పినందుకు వాళ్లకు దక్కేది ఏమీ ఉండదు. ఏడుస్తున్న మొహం మాత్రం బంధువుల ఫోన్లలో తిరుగుతుంది, పెళ్లి సంబంధాల దాకా పోతుంది. మీరు ఇంకో కెమెరా పట్టుకొని పోతే అదే అనుకుంటారు.

అందుకే నా సలహా మొత్తం ఒక మాట చుట్టూ తిరుగుతుంది. వాళ్ల కష్టం అడగొద్దు, వాళ్ల పని అడగండి. వాళ్లకు తెలిసి మీకు తెలియని విద్య ఒకటి అక్కడ ఉంది. అది నేర్చుకోవడానికి వచ్చినవాడిలా కూర్చుంటే మాట మారుతుంది, నిలబడే తీరు మారుతుంది, మీ ఫ్రేమూ మారుతుంది. కష్టం చెప్పమంటే మనిషి తల దించుకుంటాడు. పని చెప్పమంటే చేతులు కదిలిస్తాడు. కష్టం ఆ చేతుల్లోంచి దానంతట అదే బయటికొస్తుంది, అడగక్కర్లేదు.

మొదటి పది రోజులు కెమెరా ఇంట్లో పెట్టండి. ఫోను జేబులోంచి తీయొద్దు, ఒక నోటుబుక్కు చాలు. ఒకే చోటికి తెల్లవారుజామున 5కి, పొద్దున 11కి, సాయంత్రం 4కి, రాత్రి 9కి పోండి. ప్రతిసారీ నాలుగు సంగతులు రాసుకోండి: ఎవరు ఉన్నారు, ఏం పని నడుస్తోంది, వెలుగు ఎటువైపు నుంచి పడుతోంది, ఏ చప్పుడు అన్నిటికంటే పెద్దగా ఉంది. పది రోజులయ్యేసరికి ఆ చోటు గడియారం మీ చేతికి వస్తుంది. ఏ కమాను కింద ఏ వేళకు నీడ వస్తుందో, మూటల ఆటో ఎప్పుడు వస్తుందో, పాత సామాన్ల అంగడివాడు తూకం ఎప్పుడు వేస్తాడో తెలుస్తుంది. షూటింగ్ రోజులు సగానికి తగ్గేది ఈ పుస్తకం వల్లే. దీన్ని దాటేసి నేరుగా షూటింగుకు పోయినవాళ్లు 40 గంటల ఫుటేజీ తెచ్చుకుంటారు, అందులో పనికొచ్చేది 40 నిమిషాలు కూడా ఉండదు.

అక్కడ ఒక పెద్దమనిషి తప్పకుండా ఎదురవుతాడు. "నేను మాట్లాడిస్తా, నాతో రండి" అంటాడు. మర్యాదగా నమస్కారం పెట్టండి, టీ తాగండి, మీరు ఎవరో చెప్పండి. మనుషుల దగ్గరికి మాత్రం ఆయన వెంట పోవద్దు. ఆయన పక్కన నిలబడి ఉంటే ఎవరైనా ఆయనకు నచ్చే మాటే చెప్తారు, పైగా కాదనే ధైర్యం వాళ్లకు ఉండదు.

ఇక కాలం. కేసీ కాలువకు సుంకేసుల దగ్గర తుంగభద్ర నీళ్లు వదులుతారు, వానాకాలం పంటకు పారుతుంది, ఎండాకాలం కట్టేస్తారు. 1863లో మొదలుపెట్టి తవ్విన కాలువ ఇది. మద్రాస్ ఇరిగేషన్ కంపెనీ తవ్వించింది, సాగుకే కాక పడవలు నడపడానికీ. నష్టాలొచ్చి చివరికి 1882లో ప్రభుత్వమే కొనేసింది. ఇంత చరిత్ర ఉంది కదా అని మొదటి ఐదు నిమిషాలు పాత పటాలు, గంభీరమైన గొంతు పెట్టొద్దు. చరిత్ర పనికి ఆనుకొని ఉన్నచోటే వాడండి. నీళ్లు లేని నెలల్లో ఆ గట్టు రాయి మీద ఎవరు కూర్చుంటారు, నీళ్లు వచ్చిన రోజు ఎవరు లేచిపోవాలి? కాలువ చరిత్ర మీ సినిమాకు అక్కడే తగులుతుంది. 2009 అక్టోబర్ 2న తుంగభద్ర, హంద్రీ పొంగి ఊరు మునిగింది. ఆ రోజు నీళ్లు ఎంత ఎత్తుకు వచ్చాయో ఒడ్డున ఉన్నవాళ్లను చేత్తో చూపించమనండి. మనిషి చెయ్యి పైకెత్తి గోడ మీద ఒక చోట ఆపే ఆ షాటు టీవీ ఫుటేజీ కొనే ఖర్చు తప్పిస్తుంది.

సినిమా అల్లిక కూడా కాలువనే అడగండి. మే నెలలో, అంటే కాలువ ఎండినప్పుడు, ఆరు రోజులు. ఆగస్టు, సెప్టెంబర్లలో నీళ్లున్నప్పుడు ఆరు రోజులు. రెండుసార్లూ అవే నాలుగు చోట్ల, ట్రైపాడ్ అదే ఎత్తులో, అదే లెన్సుతో. ట్రైపాడ్ కాళ్లు పెట్టిన చోట రాయి మీద సుద్దతో గీస్తే వానకు పోతుంది, అందుకే ఫోనులో ఫొటో తీసి పెట్టుకోండి. ఎడిటింగులో పొడి నుంచి నీటికి ఒక్క కట్ పడితే ఏ వ్యాఖ్యానమూ అక్కర్లేదు. ముగ్గురు మనుషులు, రెండు కాలాలు, ఒక కాలువ. అరగంటకు ఇంతకంటే ఎక్కువ పెట్టుకోవద్దు. ఎనిమిది మందిని పరిచయం చేసే సినిమాలో ఒక్కరూ గుర్తుండరు.

పని తీయడం అంటే ఏమిటో ఒక ఉదాహరణతో చెప్తాను. ప్లాస్టిక్ వేరు చేసే ఆమెను తీసుకోండి. దూరం నుంచి చూస్తే చెత్త కుప్ప ముందు కూర్చున్న మనిషి. దగ్గరికి పోతే ఒక నీళ్ల సీసా చేతిలోకి వస్తుంది. మూత తిప్పి ఒక సంచిలో, సీసా ఇంకో సంచిలో పడతాయి. ఎందుకు? రెండూ వేర్వేరు ప్లాస్టిక్కులు. సీసా పెట్ (PET) అనే రకం, మూత గట్టి పాలిథీన్ జాతిది. నీళ్లలో వేస్తే మూత తేలుతుంది, సీసా ముక్క మునుగుతుంది. కలిపి ఇస్తే అంగడిలో ధర పడిపోతుంది. పాల కవర్లు ఒక చోట, అట్టలు ఒక చోట. అనుమానం ఉన్న ముక్కను వేలితో కొట్టి చప్పుడు వింటుంది, వంచి చూస్తుంది, గోరుతో గీస్తుంది. చిప్స్ ప్యాకెట్ మాత్రం చూడకుండానే వెనక్కి విసిరేస్తుంది. లోపల వెండి రంగు పొర అతికి ఉన్న ఆ కవరు అంగడిలో చెల్లదు. ఈ నిర్ణయాలన్నీ ఒక్కో వస్తువుకు ఒక సెకను కూడా పట్టవు.

దీన్ని తీసేటప్పుడు ఐదు రకాల షాట్లు పట్టుకోండి. చేతులు దగ్గరగా, మొహం దగ్గరగా, చేతులూ మొహమూ కలిసి వచ్చే మధ్యరకం, ఆమె భుజం మీదుగా ఆమెకు కనబడేది, చివరగా మొత్తం చోటు. ప్రతి షాటూ కనీసం 10 సెకన్లు కదలకుండా. మీకు 10 సెకన్లు అనిపించేది నిజానికి ఆరే ఉంటుంది, మనసులో 15 దాకా లెక్కపెట్టండి. పని ఆపమని గానీ, మళ్లీ చేయమని గానీ అడగొద్దు. ఆ పని మళ్లీ మళ్లీ జరిగేదే, రెండో సీసా వస్తుంది, మూడోది వస్తుంది. మొదటి సీసాకు చేతులు తీయండి, ఐదో సీసాకు మొహం తీయండి. ఎడిటింగులో ఒకే సీసా అయిపోతుంది.

ఆ తర్వాత అడగాల్సిన ప్రశ్నలు: "ఇది అది కాదని ఎట్ల కనిపెడతారు?", "ఎవరు నేర్పించారు?", "ఏ నెలలో సరుకు బాగా దొరుకుతుంది?", "తూకంలో మోసం ఎట్ల పట్టుకుంటారు?" తూకం ప్రశ్న దగ్గర చాలామంది గొంతు లేస్తుంది. అక్కడ కెమెరా ఆపొద్దు, ఇంకో ప్రశ్న వేయొద్దు. మీరు నోరు మూసుకొని ఐదు సెకన్లు ఆగితే అసలు సంగతి అప్పుడు వస్తుంది.

రేవులో కూడా అంతే. బండ మీద బట్ట కొట్టే షాటు అందరూ తీస్తారు. మీరు గుర్తులు అడగండి. వంద ఇళ్ల బట్టలు ఒకే మూటలో కలిసి తిరిగి ఎవరివి వాళ్లకు ఎట్ల చేరతాయి? నల్లజీడి గింజ రసంతో అంచు మీద పెట్టే చిన్న గుర్తు ఎన్ని ఉతుకులకూ పోదు. ఆ రసం ఒంటికి తగిలితే బొబ్బలు లేస్తాయి, అందుకే పుల్లతో పెడతారు. ఇప్పుడు పెన్ను వాడుతున్నారా, రంగు దారం కుడుతున్నారా, గుర్తులు ఎవరికి నోటికొచ్చు, పిల్లలకు తెలుసా? ఒక అంచు, ఒక గుర్తు, దాన్ని చదివే కళ్లు. ఇది ఆ మనిషి దగ్గర మాత్రమే ఉన్న లిపి, ఈ షాటు కోసం రెండు రోజులు ఎదురుచూసినా తప్పు లేదు.

అనుమతి సంగతి వివరంగా చెప్పాలి, ఎక్కువమంది తప్పు చేసేది ఇక్కడే. మొదటి రోజే కాగితం తీసి వేలిముద్ర వేయమంటే జనం భయపడతారు. వాళ్ల అనుభవంలో వేలిముద్ర అంటే అప్పు, లేకపోతే స్థలం. కాబట్టి తిప్పి చేయండి. కాగితం మీరు ఇవ్వండి. మీ పేరు, ఫోను నంబరు, ఏం తీస్తున్నారు, ఎక్కడ చూపిస్తారు, వద్దనిపిస్తే ఎవరికి చెప్పాలి, అంతా పెద్ద అక్షరాల్లో ఒక పేజీ. తెలుగు ఒక వైపు, ఉర్దూ ఒక వైపు. పాతబస్తీ వైపు ఇళ్లలో దక్కనీ మాట్లాడేవాళ్లు చాలామంది, చదవలేనివాళ్లకు చదివి వినిపించండి. ఒప్పుకోలు కెమెరా ముందు నోటితో తీసుకోండి, నాలుగు ప్రశ్నలు విడివిడిగా: మొహం చూపించొచ్చా, పేరు వేయొచ్చా, ఈ చోటు పేరు చెప్పొచ్చా, ఫోన్లలో యూట్యూబులో పెట్టొచ్చా. "అన్నిటికీ సరే కదా" అని కలిపి అడిగితే సరే అంటారు, కానీ అది ఒప్పుకోలు కాదు. మూడింటికి సరే అని నాలుగోదానికి వద్దనేవాళ్లు చాలామంది ఉంటారు, వాళ్ల మాటే చెల్లాలి. ఫిల్మ్ ఫెస్టివల్స్‌కు రాతపూర్వక సంతకం అవసరమైతే రఫ్ కట్, అంటే తొలి ముడి ఎడిటింగ్, చూపించిన తర్వాత తీసుకోండి. అప్పటికి వాళ్లకు తాము దేనికి సంతకం పెడుతున్నారో తెలుస్తుంది. ఆడవాళ్లతో మాట్లాడే రోజు మీ బృందంలో ఒక ఆడమనిషి ఉండాలి.

డబ్బు ఇవ్వాలా వద్దా అని అడుగుతారు. మాటకు డబ్బు ఇవ్వొద్దు, పోయిన పనికి ఇవ్వండి. గంటసేపు పని ఆపించి కూర్చోబెడితే ఆ గంట కూలీ ఎంతో లెక్కకట్టి, ముందే చెప్పి, అందరికీ ఒకే లెక్కన ఇవ్వండి. రహస్యంగా ఒకరికి ఎక్కువ ఇస్తే సాయంత్రానికి ఒడ్డంతా తెలుస్తుంది, మీ పని అక్కడితో ఆగిపోతుంది.

పిల్లల విషయంలో సందు లేదు. పనిచేస్తున్న పిల్లల మొహం, పేరు, బడి చూపించొద్దు. రక్షణ అవసరమైన పిల్లల గుర్తింపు బయటపెట్టడం 2015 జువెనైల్ జస్టిస్ చట్టం 74వ సెక్షన్ కింద నేరం. ఆపదలో ఉన్న బిడ్డ కనబడితే కెమెరా దించి 1098కి ఫోన్ చేయండి.

డ్రైనేజీ పనివాళ్ల భాగం మిగతా రెండింటి కంటే వేరే జాగ్రత్తతో తీయాలి. వాళ్లలో చాలామంది కాంట్రాక్టు మీద పనిచేసేవాళ్లు. చేతికి గ్లవుజులు లేకుండా మురుగులో దిగిన మనిషిని మీరు చూపిస్తే, గ్లవుజులు ఇవ్వనివాడికి ఏమీ కాదు, ఆ మనిషి ఉద్యోగం పోతుంది. మొహం తర్వాత బ్లర్ చేద్దాంలే అనుకోవద్దు. షూటింగులోనే వెనక నుంచి, ఎదురు వెలుగులో నీడగా తీయండి. బ్లర్ చేసిన మనిషిని ఊరివాళ్లు నడకతో పట్టేస్తారు, చేతి మీద పచ్చబొట్టు పేరుతో, చెప్పులతో, బండి నంబరుతో పట్టేస్తారు. వెనక అంగడి బోర్డు కూడా చాలు. గొంతును సాఫ్ట్‌వేర్‌తో లావు చేస్తే దాన్ని తిరిగి మామూలు చేయొచ్చు. ఆ మాటల్ని అదే యాసలో ఇంకొకరితో చెప్పించి, అలా చెప్పించామని తెర మీద వేయండి. అసలు రికార్డింగుకు ఆ మనిషి పేరు పెట్టి సేవ్ చేయొద్దు, ఫోనులో లొకేషన్ ఆపేయండి.

మ్యాన్‌హోల్ దగ్గర ప్రాణాల మీదికి వచ్చే తప్పు ఒకటి ఉంది. లోపల హైడ్రోజన్ సల్ఫైడ్ ఉంటుంది. తక్కువగా ఉన్నప్పుడు కుళ్లిన గుడ్డు వాసన. 100 పీపీఎం (పది లక్షల భాగాల గాలికి వంద భాగాలు) దాటేసరికి ముక్కు పనిచేయడం మానేస్తుంది, వాసన పోయింది కాబట్టి గాలి బాగుందనుకుంటారు. ఒక్క మనిషి పడిపోతే కాపాడబోయి రెండోవాడు, మూడోవాడు పోయేది ఇందుకే. మూత మీదికి వంగి షాటు తీయొద్దు, గాలి ఎటు నుంచి వస్తోందో ఆ వైపు నిలబడండి, లోపలికి వేడి లైటు దించొద్దు, మంట అంటుకునే మీథేన్ కూడా ఉండొచ్చు. అన్నిటికంటే ముఖ్యం, "అన్నా, ఒకసారి దిగి చూపిస్తావా" అనే మాట మీ నోట రాకూడదు. రక్షణ లేకుండా మురుగు శుభ్రం చేయడానికి మనిషిని దించడం 2013 నాటి మాన్యువల్ స్కావెంజింగ్ నిషేధ చట్టం కింద నేరం. మురుగులో ప్రాణాలు పోతే కుటుంబానికి ఇవ్వాల్సిన పరిహారం సుప్రీంకోర్టు 2014లో 10 లక్షలు అంది, 2023 అక్టోబర్‌లో దాన్ని 30 లక్షలు చేసింది. ఈ సంగతి తెలియని కార్మికులు ఎంతోమంది ఉన్నారు. ఇంటర్వ్యూ అయ్యాక కెమెరా కట్టేసి ఇది చెప్పి రండి.

నది సంగతి కూడా మరవొద్దు. హంద్రీలో నీళ్లు లేవు కదా అని ఇసుకలో సామాను పరచొద్దు. పైన గాజులదిన్నె ప్రాజెక్టు దగ్గర గేట్లు ఎత్తితే, లేదా పైన వాన కొడితే, కర్నూలులో ఎండ కాస్తుండగానే నీళ్లు వస్తాయి. సెప్టెంబర్, అక్టోబర్లలో రోజూ పొద్దున కనుక్కోండి. మోకాళ్ల దాకా బూట్లు వేసుకోండి, పుండ్లు ఉంటే కట్టు కట్టుకోండి. ఎలుకలు తిరిగే మురుగునీటి వల్ల లెప్టోస్పైరోసిస్ వస్తుంది. గాజు పెంకులు, తుప్పు రేకులు ఉన్న చోటు కాబట్టి ధనుర్వాతం ఇంజెక్షను ముందే వేయించుకోండి.

ఇప్పుడు డబ్బు, సామాను. మీ 40 వేలలో కెమెరాకు ఒక్క రూపాయి పెట్టొద్దు. శబ్దానికి 12 వేలు: చిన్న రికార్డరు, ఒక కాలర్ మైకు, గాలి తగలకుండా బొచ్చు తొడుగు. రెండు హార్డ్ డిస్కులకు 10 వేలు. 12 రోజుల ప్రయాణం, తిండికి, కూలీ పరిహారానికి 8 వేలు. మాటలన్నీ కాగితం మీద పెట్టించడానికి, సబ్‌టైటిళ్లకు 5 వేలు. మిగతా 5 వేలు ముట్టుకోవద్దు, ఏదో ఒకటి విరుగుతుంది.

ఫోనుతో తీస్తే మామూలు కెమెరా యాప్ వద్దు. బ్లాక్‌మ్యాజిక్ వాళ్ల యాప్ ఉచితం, అందులో సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టి లాక్ చేయండి. మన కరెంటు 50 హెర్ట్జ్. ఫోను దానంతట అదే 30 ఫ్రేములకు పోతే ట్యూబులైటు కింద, ఎల్‌ఈడీ కింద తెర మీద నల్ల పట్టీలు పాకుతాయి, వాటిని ఎడిటింగులో తీయడం దాదాపు అసాధ్యం. వైట్ బ్యాలెన్స్ కూడా లాక్ చేయాలి, లేకపోతే మాట మధ్యలో చర్మం రంగు పసుపు నుంచి నీలానికి మారుతుంది. ఫోను క్లిప్పుల్లో ఫ్రేముల వేగం నిలకడగా ఉండదు, అందుకే పది నిమిషాల ఇంటర్వ్యూలో చివరికొచ్చేసరికి పెదాలు ఒకటి, మాట ఒకటి అవుతాయి. ఎడిటింగుకు ముందు హ్యాండ్‌బ్రేక్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో స్థిరమైన ఫ్రేమ్ రేటుకు మార్చుకోండి. పాత డీఎస్‌ఎల్‌ఆర్ అయితే ఒక క్లిప్పును 12 నిమిషాలకో, అరగంటకో ఆపేస్తుంది. అది ఎప్పుడు ఆగుతుందో ఇంట్లోనే పరీక్షించండి. మే నెల ఎండకు ఫోను వేడెక్కి ఆగిపోతుంది. కవరు తీసేయండి, ఛార్జింగ్ పెడుతూ తీయొద్దు, తడిగుడ్డ పక్కన నీడలో ఉంచండి. ఐసు మీద పెడితే లోపల తేమ చేరుతుంది.

కమాను కింద వెలుగు కష్టమైనది. లోపల చీకటి, వెనక తెల్లటి ఎండ. మనిషిని ఆ తెలుపుకు ఎదురుగా పెడితే మొహం బొగ్గు అవుతుంది. మొహానికి ఎక్స్‌పోజర్ సరిచేస్తే వెనక నది మాయమవుతుంది. కమాను అంచు నుంచి ఒకటి రెండు మీటర్లు లోపలికి, మొహం పక్క నుంచి వెలుగు పడేట్టు కూర్చోబెట్టండి, వెనక భాగంలో కమాను రాయి ఉండాలి, ఆకాశం కాదు. రెండో చెంప చీకటి పడితే తెల్ల పంచె ఒకటి మీటరు దూరంలో పట్టుకోండి, చాలు. లైట్లు వెలిగిస్తే ఆ చోటు పోలీస్ స్టేషన్ అవుతుంది. మంచి వేళలు పొద్దున 6:30 నుంచి 8:30, సాయంత్రం 4:30 తర్వాత. రంగులు సరిచేసేటప్పుడు కూడా చీకటిని ఇంకా చీకటి చేయొద్దు. ఆ చోటు వాళ్లకు ఇల్లు, అక్కడ కూర్చొని వాళ్లు నవ్వుతారు, పిల్లలకు తల దువ్వుతారు. భయంగా కనిపించేట్టు చేస్తే అది మీ భయమే తప్ప వాళ్లది కాదు.

శబ్దం గురించి నేను గట్టిగా చెప్పేది ఇది: ఇలాంటి సినిమాలో బొమ్మ కొంచెం పాడైనా చూస్తారు, మాట వినబడకపోతే లేచిపోతారు. రికార్డింగ్ 48 కిలోహెర్ట్జ్, 24 బిట్, గట్టి మాట మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆగాలి. కాలర్ మైకు చీర అంచు లోపల పెడితే గాజులు, నల్లపూసలు రుద్దుకొని కరకరలాడుతుంది. మెడ కింద కాక ఛాతీ మధ్య, మెడికల్ టేపుతో అటూ ఇటూ అంటించండి. కమాను కింద మాట గంగాళంలో మాట్లాడినట్టు మోగుతుంది. కెమెరాకు కనబడని వైపు రెండు బొంతలు వేలాడదీయండి, కూర్చునే చోట కింద ఇంకోటి పరవండి. ప్రతి చోటా ఒక నిమిషం ఎవరూ మాట్లాడకుండా ఖాళీ శబ్దం తీసుకోండి, మాటల మధ్య అతుకులు కప్పేది అదే.

బట్ట కొట్టే చప్పుడు విడిగా రికార్డు చేయండి, మైకు మూడు మీటర్ల దూరంలో, పక్కకు వంచి. దగ్గరగా పెడితే ప్రతి దెబ్బా పగిలిపోతుంది. అవతలి ఒడ్డు నుంచి జూమ్ చేస్తే ఇంకో చిక్కు. శబ్దం సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుంది కాబట్టి 35 మీటర్ల దూరంలో దెబ్బ కనబడిన రెండు మూడు ఫ్రేముల తర్వాత గాని వినబడదు. సింక్ పోయిందనుకొని కంగారు పడతారు. దగ్గర నుంచి తీసిన చప్పుడును దెబ్బ మీద కూర్చోబెట్టండి. గుడి మైకు, అజా, ఆటో పాటలు వచ్చే వేళలు మీ నోటుబుక్కులో ఉంటాయి, ఇంటర్వ్యూలు వాటి మధ్య పెట్టుకోండి. వెనక సినిమా పాట ఉంటే కట్ చేసిన ప్రతిచోటా పాట గెంతుతుంది, యూట్యూబ్ కూడా కాపీరైటు కింద పట్టుకుంటుంది.

నిల్వ: 50 మెగాబిట్ల వేగంతో తీస్తే గంటకు 22 జీబీ పైన. 20 గంటలకు 450 జీబీ. ఒక టెరాబైట్ డిస్కులు రెండు, అదే రాత్రి రెండింటిలోకి ఎక్కించి, ఒకటి ఇంకొకరి ఇంట్లో పెట్టండి. రెండూ తెరిచి చూసుకున్నాకే కార్డు ఖాళీ చేయండి.

కాగితాలు: కాలువ గట్టు, కాలువ దాటే కట్టడం జలవనరుల శాఖవి. తేదీలు, ఎంతమంది, ఏ సామాను అని రాసి ఒక లేఖ ఇచ్చి, నకలు మీద స్వీకరించినట్టు ముద్ర వేయించుకోండి. ఇంకో నకలు స్థానిక పోలీస్ స్టేషన్లో. హంద్రీ ఒడ్డున ఉన్న గోల్‌గుమ్మజ్ పురావస్తు శాఖ రక్షణలోని కట్టడం, అక్కడ ట్రైపాడ్ పెట్టాలంటే వాళ్ల అనుమతి కావాలి. రైల్వే వంతెన దగ్గర రైల్వే అనుమతి లేకుండా తీయొద్దు. డ్రోన్ ఎగరేయాలనుకుంటే ప్రభుత్వ డ్రోన్ వెబ్‌సైటు డిజిటల్ స్కై పటంలో ఆ చోటు ఏ రంగులో ఉందో చూసుకోండి. అయితే ఈ సినిమాకు డ్రోన్ వద్దనే నా అభిప్రాయం. పై నుంచి చూస్తే ఒడ్డు అందంగా ఉంటుంది, మనిషి చీమ అవుతాడు.

ఎడిటింగులో మాట మార్చొద్దు. "యాడికి" అన్నదాన్ని సబ్‌టైటిల్లో "ఎక్కడికి" అని దిద్దితే ఆ మనిషిని దిద్దినట్టే. కులం పేర్లు వాళ్లు తమ గురించి వాడుకున్నప్పుడు ఉంచండి, మీ సొంత రాతలో మాత్రం రజకులు, పారిశుద్ధ్య కార్మికులు అనే రాయండి. తెలుగు అక్షరాలు ప్రీమియర్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో చెదిరిపోతుంటే సెట్టింగుల్లో దక్షిణాసియా లిపుల ఇంజన్ ఎంచుకోవాలి. సరిగా ఉందో లేదో తేల్చుకోవడానికి "కర్నూలు" అని టైపు చేసి చూడండి, "ర్నూ" విడిపోతే ఇంకా సరికానట్టే. రెండు వరసలు మించొద్దు, ఒక సబ్‌టైటిల్ ఆరు సెకన్లు మించొద్దు.

రఫ్ కట్ తయారయ్యాక మొదటి ప్రదర్శన అక్కడే, ఆ కమాను కింద. తెల్ల దుప్పటి, అద్దె ప్రొజెక్టరు, చీకటి పడ్డాక ఏడున్నరకు. చూసేటప్పుడు తెర వైపు కాదు, జనం వైపు చూడండి. ఎక్కడ నవ్వారో, ఎక్కడ పక్కవాళ్లతో గుసగుసలాడారో రాసుకోండి. మరుసటి రోజు ముగ్గురినీ విడివిడిగా కలిసి ఆ నాలుగు ప్రశ్నలూ మళ్లీ అడగండి. గుంపులో "బాగుంది" అన్నవాళ్లు ఒంటరిగా "ఆ మాట తీసేయండి సార్" అంటారు. తీసేయండి, ఎంత మంచి మాటైనా.

థియేటర్లో, టికెట్టు మీద చూపించాలంటే సెన్సార్ సర్టిఫికెట్ కావాలి. ప్రాంతీయ కార్యాలయం హైదరాబాదులో ఉంది. ఫెస్టివల్స్‌కు కేంద్ర సమాచార ప్రసార శాఖ నుంచి మినహాయింపు నిర్వాహకులే తెచ్చుకుంటారు. ముంబైలో రెండేళ్లకోసారి జరిగే మిఫ్ (ముంబై అంతర్జాతీయ చిత్రోత్సవం), కేరళలో జరిగే డాక్యుమెంటరీ, లఘుచిత్రాల ఉత్సవం మీ మొదటి రెండు దరఖాస్తులు. చాలా ఫెస్టివల్స్ యూట్యూబులో పెట్టిన సినిమాను తీసుకోవు, అందుకే అప్‌లోడ్ చివర్లో.

ముగ్గురికీ ఒక్కో మెమరీ కార్డులో సినిమా కాపీ ఇవ్వండి. 720పీ నాణ్యతలో, 300 ఎంబీ దాటకుండా, మామూలు ఎంపీ4. పాత ఫోన్లలో పెద్ద ఫైలు తెరుచుకోదు. ఇచ్చేటప్పుడు వాళ్ల ఫోనులోనే వేసి, మొదటి నిమిషం ఆడిందని చూసి రండి.